సలోమి దిండు

ఆ రోజు దీవెన చేయవలసిన పనులు ఇవి. కందుకూరులో బస్సు దిగి మందుల షాపులో ఆయాసానికి పీల్చే మందు తీసుకోవాలి. జుట్టు తీసే మిషను కొనాలి. బూజును చంపే షాంపూ కొనాలి, ఒక సీసా కాదు, నెలకు సరిపడా. అత్త వాడిన దువ్వెన, రవికలు, దుప్పట్లు, దిండు, అన్నీ ఒకచోట వేసి కాల్చాలి. అత్త ఇక చేలోకి రాదని రైతు మాలకొండయ్యకు చెప్పాలి. అదే మాట పరిశోధనా కేంద్రంలో తన పై అధికారి ఫణిభూషణం గారికి ఫోనులో చెప్పాలి. ఆయన కోప్పడితే పడాలి. ఇవన్నీ జరగాలంటే ముందు అత్తను ఒప్పించాలి. అన్నిటికంటే ముందు చేయవలసింది గనుకనే, దాన్ని తలుచుకోవడానికి జంకి చివరికి నెట్టుకుంటూ వచ్చింది.

దీవెన వాళ్ల వంశంలో కాలేజీ గడప తొక్కింది ఆమే మొదలు. తల్లి పోయాక మేనత్త సలోమి పెంచింది. మన్నేటి ఒడ్డున ఉన్న వాళ్ల వెలిగండ్లపాలెంలో పొగాకు నారుమళ్లు ఎక్కువ. కలుపు తీయడానికీ, నారు పీకి కట్టలు కట్టడానికీ ఆడవాళ్ల ముఠాలు వెళతాయి. సలోమి ఒక ముఠాకు మేస్త్రి. నోరున్న మనిషి. మడిలో ఎవరు వెనకబడినా వాళ్ల మీద ఒక మాట విసిరి, అందరినీ నవ్వించి, ఆ నవ్వులోనే పని లాగేసేది.

ఆ మళ్లకు పట్టిన పీడ లద్దె పురుగు. చీకటి పడుతుండగా రెక్కల పురుగు వచ్చి ఆకు మీద గుడ్లు కుప్పగా పెడుతుంది. తన పొట్ట మీది నూగు రాల్చి ఆ గుడ్లకు దుప్పటిలా కప్పి పోతుంది. లేచిన పిల్లలు గుంపుగా ఆకును గోకి తిని జల్లెడ చేస్తాయి. కాస్త పెరిగాయంటే పగలు మట్టిలో నక్కి ఉండి, సాయంత్రం పైకొచ్చి లేత మొక్కల్ని మొదలంటా తెంపేస్తాయి. వాటికని కొట్టిన మందు మడిలోనే ఉంటుంది. ఆ మడిలోనే ఆడవాళ్లు వట్టి చేతులతో నారు పీకుతారు. సలోమి ముఠాలో రూతు అనే ఆమె ఒక ఏడు అట్లా పీకుతూ పీకుతూ కళ్లు తిరిగి పడిపోయింది. బతికింది గాని చేతుల వణుకు పోలేదు. అన్నం ముద్దను నోటిదాకా తీసుకుపోవడానికి ఆమె పడే అవస్థ చూస్తూ పెరిగింది దీవెన. పురుగుల చదువు చదవడానికి ఆమెకు వేరే కారణం అక్కర్లేకపోయింది.

మగ పురుగుల్ని పిలిచి పట్టే బుట్టలు ఎప్పటినుంచో ఉన్నాయి. కాని మగవి ఎన్ని పడినా, కడుపుతో ఉన్న ఆడది వచ్చి గుడ్లు పెట్టనే పెడుతుంది. దీవెన పనిచేసే కేంద్రంలో ఆ ఆడదాన్నే పిలిచే వాసన తయారుచేశారు. తయారుచేసేది యంత్రం కాదు, ఒక ఈస్టు. పిండిని పులియబెట్టే జీవుల జాతిదే. దాని పుట్టుకలో ఉన్న గుణాన్ని కొంచెం మార్చారు. ఆముదంలో వేస్తే ఆ నూనె తింటూ, వాసన వదులుతూ బతుకుతుంది. లద్దె పురుగు తల్లికి ఆముదపు చెట్టంటే ప్రాణం. అందుకే రైతులు నారుమడి గట్టున నాలుగు ఆముదపు గింజలు ఎరగా నాటుతారు. ఈ నూనెను ఆ చెట్లకు పూస్తే చుట్టుపక్కల ఆడ పురుగులన్నీ మడిని వదిలి వాటి మీదే వాలతాయి. పొద్దున్నే గుడ్లున్న ఆకులు కోసి సబ్బునీళ్లలో ముంచేస్తే సరి. మందుతో పని లేదు.

దానికి పిలుపు నూనె అని పేరు పెట్టింది సలోమే.

ఈస్టు మనిషి ఒంటి మీద నిలుస్తుందా అన్నది కూడా కేంద్రంలో చూశారు. అక్కడ చదువుకునే పిల్లలు ముందుకొచ్చి చేతులకూ తలలకూ రాయించుకున్నారు. ఎవరి మీదా నాలుగు రోజులు బతకలేదు. అవి షాంపూ తలలు, నూనె ముఖం ఎరగనివి. పుట్టిన నాడు మాడు మీద పెట్టిన ఆముదం దగ్గర్నుంచి యాభై ఏళ్లు రోజూ ఆముదమే తాగిన తలను కూడా పరీక్షించాలని ఎవరికీ తోచలేదు. అట్లాంటి తల పక్కనే పడుకుని పెరిగిన దీవెనకూ తోచలేదు.

డబ్బా మీద ఒంటికి రాయకూడదని ఉంది. దీవెనే స్వయంగా ముఠాకు చదివి చెప్పింది. సలోమి తలూపింది కూడా. కాని చెట్లకు పూయగా డబ్బా అడుగున మిగిలింది ఆముదం. ఆముదాన్ని నేలపాలు చేసే ఆడది ఆ ఊళ్లో లేదు. చేతికి అంటింది అంటినట్టే నెత్తికి రాసుకుని ఇంటికి పోయింది.

వారం తిరక్కుండా రెక్కల పురుగులు ఆముదపు చెట్లను వదిలి సలోమి వెంట పడ్డాయి.

*

దీవెన చేలోకి వెళ్లేసరికి పొద్దు గూకుతోంది. గట్టున ఆముదపు చెట్ల మధ్య కుర్చీలో కూర్చుని ఉంది సలోమి. అది మాలకొండయ్య ఇంటి టేకు కుర్చీ. ఆ ఇంటి అరుగు మీద ఏనాడూ కూర్చోనివ్వని మనిషికి ఇప్పుడు సాయంత్రం కాగానే ఆ కుర్చీ చేలోకి నడిచి వస్తోంది. చుట్టూ నేల మీద తెల్లపంచెలు పరిచారు. కొంచెం ఎడంగా ముఠా ఆడవాళ్లు, గుడ్లు పడ్డ పంచెల్ని ముంచడానికి సబ్బునీళ్ల బకెట్లు పెట్టుకుని కూర్చున్నారు.

"ఏందిమే, చెప్పాపెట్టకుండా ఊడిపడ్డావు? పెళ్లిచూపులేమన్నా ఉండాయా?" అంది సలోమి.

"నీకే సంబంధం చూద్దామని వచ్చానత్తా."

"నాకెవడిస్తాడే మొగుణ్ణి! ఇంతమంది సవతులు నెత్తిన వాలతా ఉంటే."

ముఠా అంతా గొల్లున నవ్వింది.

మొదటి పురుగు మడి మీదుగా వచ్చి ఆమె కొప్పు మీద వాలింది. మట్టి రంగుది, రెక్కల మీద సన్నటి తెల్లగీతలు. దాని వెనక ఇంకొకటి. కాసేపటికి ఇక లెక్క లేదు. భుజాల మీద, ఒళ్లో, కుర్చీ చేతుల మీద, పరిచిన పంచెల మీద. ఆమె కదలకుండా కూర్చుంది. ఫొటో తీయించుకునేటప్పుడు కూర్చున్నట్టు, మెడ నిలబెట్టి.

మాలకొండయ్య గట్టు మీద దూరంగా గొంతుక్కూర్చున్నాడు. "సలోమక్కా, రేపు మా బావమరిది మడికి రావాల. ట్రాక్టరు పంపిస్తా."

"ట్రాక్టరులో నడుం ఇరిగిపోతాంది రైతా. కారు పంపీ."

"కారెక్కావంటే కారంతా గుడ్లు పెడతయ్యి గదక్కా!"

"పెట్టనీ. లేచిన పిల్లలకు నీ పేరే పెట్టుకుంటాలే."

మళ్లీ నవ్వులు. సలోమి నవ్వు మాత్రం మధ్యలోనే దగ్గయింది. దగ్గు ఆగాక లోపల ఈల మొదలైంది. పురుగులు కప్పే నూగూ, రెక్కల పొడీ గాలిలో తేలుతూ ఉంటే ఆమె రోజూ అందులోనే ఊపిరి తీస్తోంది. రూతు లేచి చెంబుతో నీళ్లు తెచ్చింది. వణికే చేతుల్లోంచి సగం సలోమి చీర మీదే పడ్డాయి.

"తాగించమంటే స్నానం పోస్తాందిమే ఇది," అంది సలోమి, ఊపిరి దొరికాక.

ఈసారి ఎవరూ నవ్వలేదు.

ఇంట్లో దీపం వెలిగించలేదు. వెలిగిస్తే ఉన్న సందులన్నిట్లోంచీ పురుగులు దూరతాయి. దోమతెరలో కూర్చుని, తడుముకుంటూ అన్నం తిన్నారిద్దరూ. అప్పుడు అడిగింది దీవెన.

"అత్తా, తల గీయించుకో. రోజూ షాంపూ పెట్టి కడుగుతాను. నెలలో పోతుంది."

"పోతే?"

"నీకు ఆయాసం తగ్గుతుంది."

"మడి సంగతి?"

"నూనె ఉంది గదా."

"నీ నూనె నాలుగు రోజులు పిలిచి నోరు మూసుకుంటాంది. తెల్వదనుకోబాక." సలోమి చెయ్యి కడుక్కుని తెరలోకి ముడుచుకుంది. "ఈ యేడు ఊళ్లోకి మందు డబ్బా ఒక్కటన్నా వచ్చిందా? పొయ్యి రూతు ముందు నిలబడి చెప్పు, మళ్లీ మందు కొడతారంట, మళ్లీ పీకండి అని."

దీవెన చీకట్లోనే కంచాలు దొంతర పెట్టింది.

"ఇంకోటి కూడా ఉండాది," అంది సలోమి, కొంచెం సిగ్గుపడుతున్నట్టు. "ఆ కుర్చీ. నలభై ఏళ్లు ఆయన మళ్లో వంగితి. ఏమే అనడమే గాని పేరెట్టి పిలిచింది లేదు. ఇప్పుడు అక్కా అంటన్నాడు. నీకిది పిచ్చిగా ఉంటదిలే, చదువుకున్నదానివి."

"పిచ్చేం కాదత్తా."

"అయితే సీజను పోనీ. ఆ తరవాత గుండు గీస్తావో, గుడి కడతావో నీ ఇష్టం."

చేయవలసిన పనుల్లో ఆ రోజు పూర్తయినవి కొనడాలు మాత్రమే. మర్నాడు దీవెన అత్త దువ్వెనకు చుట్టుకున్న వెంట్రుకల్ని చిన్న సీసాలో వేసుకుని బస్సెక్కింది.

*

కేంద్రంలో ఒక గాజు సొరంగం ఉంది. ఒక కొస నుంచి పిలుపు నూనె వాసన, ఇంకో కొస నుంచి వట్టి గాలి వదిలి, నడుమ పురుగును విడుస్తారు. అది ఎటు పోతుందో చూడడమే పని. అత్త వెంట్రుకలు పెట్టిన కొసకు విడిచిన పురుగు విడిచినట్టే పోయింది. కేంద్రం సీసాల్లోని కొత్త నూనె కూడా అంత గట్టిగా ఎప్పుడూ పిలవలేదు.

"ఇదే మనకు కావలసింది," అన్నారు ఫణిభూషణం గారు. చెడ్డ మనిషి కాదు. పదవీ విరమణ దగ్గర పడింది, రైతుకు పనికొచ్చేది ఒక్కటైనా ఇచ్చి పోవాలని ఆయన ఆరాటం. "పెంచు దీన్ని."

దీవెన పెంచింది. వెంట్రుకల మీది ఈస్టును శుభ్రమైన ఆముదంలో వేసింది. మొదట్లో బాగానే పిలిచింది. నూనె మార్చింది. పిలుపు తగ్గింది. మళ్లీ మార్చింది. పురుగులు సొరంగం నడుమ కూర్చుని ఎటూ పోకుండా రెక్కలు తుడుచుకున్నాయి. ఈస్టు బతికే ఉంది, వాసన మాత్రం మరిచిపోయింది. అత్త నెత్తి మీద లేని జబ్బు గాజు సీసాలో ఎందుకొస్తోందో ఆమెకు అంతుపట్టలేదు.

"సీజను అయ్యేదాకా ఆగమ్మా," అన్నారాయన. "వారానికోసారి ఆమె దగ్గర్నుంచే తెచ్చుకుందాం. మందులన్నీ మనమే ఇద్దాం. ఆవిడ కూడా అదే అంటున్నారుగా?"

"అంటోంది సార్."

"మరి?"

అత్త అన్నదే ఆయనా అన్నారు. మాలకొండయ్య అన్నదీ అదే. రూతు చేతులు కూడా, ఒక విధంగా, అదే అంటున్నాయి. అందరూ ఒక మాట మీద ఉన్నప్పుడు అత్త గుండెలోని ఈల వినిపించుకునే పని తనొక్కదానికే మిగిలిందని ఆమెకు అర్థమైంది.

మళ్లీ బస్సెక్కే లోపలే ఫోను వచ్చింది. మాలకొండయ్య బావమరిది మడిలో సలోమి కుర్చీలోంచి పక్కకు ఒరిగిపోయింది. అదే ట్రాక్టరులో ఆస్పత్రికి తీసుకుపోయారు. రూతు ఆమె తల ఒళ్లో పెట్టుకుని కూర్చుందట. దారంతా పురుగులు ట్రాక్టరు వెంట వచ్చాయట.

*

ఆక్సిజను పెట్టి, సూదులు పొడిచి, కొన్నాళ్లకు పంపించారు. డాక్టరమ్మ దీవెనను పక్కకు పిలిచి, ఊపిరితిత్తులు ఇప్పటికే గట్టిపడ్డాయనీ, ఇంకో సాయంత్రం ఆ పొడిలో కూర్చుంటే తన చేతుల్లో ఉండదనీ చెప్పింది.

సలోమి ఇంటి ముందు పీట మీద కూర్చుంది. "మంగలోడొద్దు. నీ చేత్తోనే తియ్యి," అంది.

దీవెన మిషను పెట్టింది. నెరిసిన జుట్టు జిడ్డుగా, పాయలు పాయలుగా ఒళ్లో రాలింది. ఆ తల ఇంత చిన్నదని ఆమెకు ఎప్పుడూ తెలియదు.

"ఏడవబాకమే. నీకు గుండు గీసినప్పుడు నేనేడిస్తినా? నువ్వే ఊరంతా లేచేట్టు ఏడ్చావు."

"నాకప్పుడు మూడేళ్లు."

"ఇప్పుడు నాకు మూడే."

జుట్టు, దువ్వెన, రవికలు, దుప్పట్లు దొడ్లో కుప్పపోసి దీవెన నిప్పు పెట్టింది. "దిండేదత్తా?"

"అదెప్పుడో కాల్చేస్తిని," అంది సలోమి, ఎటో చూస్తూ.

మాలకొండయ్యకు చెప్పింది. ఆయన "మనిషి బాగుండాలి గదమ్మా," అన్నాడు. ఆ పూటే ఆయన కొడుకు మందు డబ్బాలకు టౌనుకు బయలుదేరాడని ముఠా ఆడవాళ్లు చెప్పుకున్నారు. తప్పు పట్టడానికి లేదు. నారు ఎదుగుతోంది, ఆకులు జల్లెడ కావడం మొదలైంది.

సాయంత్రం ఇంట్లో చాలాకాలానికి దీపం వెలిగించారు. వెలుతురులో ఎదురెదురుగా కూర్చుని తిన్నారు. గుండు మీద గుడ్డ కట్టుకున్న అత్త గోంగూరలో ఉప్పు తక్కువైందని సాధించింది. దీవెనకు ఆ సాధింపు ఎంతో హాయిగా ఉంది. అప్పుడు గమనించింది, ఒక రెక్కల పురుగు గుమ్మంలోంచి వచ్చి, దీపాన్ని పట్టించుకోకుండా, అత్త తలను పట్టించుకోకుండా, వెనక తలుపు గుండా బయటికి పోయింది. దాని వెనకే ఇంకొకటి.

టార్చి తీసుకుని వెనక్కి వెళ్లింది. దొడ్డిగోడ మీద ఏదో పొర్లుతున్నట్టు కదులుతోంది. వెలుతురు పడేసరికి కొన్ని లేచాయి, మళ్లీ వాలాయి. వాటి కింద దిండు.

"మాయమ్మ కుట్టిందిమే అది," అంది సలోమి వెనక నుంచి, దొరికిపోయిన పిల్లలా. "బూరుగు దూది తనే ఏరింది. నిప్పులో ఎయ్యడానికి చేతులు రాలా. ఎండలో పెడితే పోద్దిలే అనుకుంటి."

దీవెనకు ముందు కోపం వచ్చింది. అత్తను లోపలికి నెట్టి తలుపు వేసింది. తర్వాత ముక్కుకు గుడ్డ కట్టుకుని దిండు దగ్గరే నిలబడిపోయింది. పాత గలేబు నల్లగా, మైనంలా నిగనిగలాడుతోంది. యాభై ఏళ్ల ఆముదం పొర మీద పొరగా దూదిలోకి ఇంకి, మాగి, ముదిరి ఉంది. ఈస్టుకు కావలసింది శుభ్రమైన నూనె కాదు. ఇది. అది అత్త నెత్తి మీద బతుకుతోందని అందరూ అనుకున్నారు. అది ఉన్నది దిండులో. ప్రతి రాత్రి దిండు అత్త తలకు తోడు వేసింది, పాలకు మజ్జిగ తోడు వేసినట్టు. పొద్దున్నే అత్త ఆ తలతో లేచి చేలోకి పోయింది.

మనిషి కూర్చోవలసిన అవసరం మొదటి రోజు నుంచీ లేదు.

ఆ సంగతి తెలియజేసిన దిండు, దీవెన అనుకున్న ప్రకారం జరిగి ఉంటే, మధ్యాహ్నమే బూడిదయ్యేది.

*

దిండును మాలకొండయ్య గట్టున ఆముదపు చెట్ల నడుమ గుంజకు కట్టారు. టౌనుకు పోయిన కొడుకును ఆయన ఫోను చేసి వెనక్కి రప్పించాడు. ఆ సీజనంతా పురుగులు దిండు చుట్టూ ఆకుల మీదే గుడ్లు పెట్టాయి. ముఠా ఆడవాళ్లు ముక్కులకు గుడ్డలు కట్టుకుని, పొద్దున పూట మాత్రమే వచ్చి, ఆకులు కోసి ముంచి పోయేవాళ్లు.

"దిండు పోతే పోయింది, కుర్చీ మాత్రం మానొద్దని చెప్పు ఆ రైతుకు," అంది సలోమి.

చెప్పనవసరం లేకపోయింది. చేనుకు అవతలి కొసన, గాలి దిండు వైపు నుంచి రాని చోట, ఆయనే కుర్చీ వేయించాడు. పొద్దుండగా సలోమి అక్కడ కూర్చుని, దూరం నుంచే ముఠాను అదిలించేది. మాటకూ మాటకూ నడుమ ఊపిరి కోసం ఆగవలసి వచ్చేది. ఆగినప్పుడు వాళ్లు కూడా ఆగేవాళ్లు, మాట పూర్తయ్యాక నవ్వేవాళ్లు.

జుట్టు తిరిగి వచ్చింది. ఊపిరి రాలేదు. మరుసటి ఏడు నారు పోసే రోజుల్లో, పగటి పూట, రూతు పక్కన ఉండగా సలోమి పోయింది. మాలకొండయ్య టేకు కుర్చీని తనే మోసుకొచ్చి ఆమె ఇంటి ముందు వేశాడు. పాతిపెట్టి వచ్చేదాకా అందులో ఎవరూ కూర్చోలేదు. ఆయన నిలబడే ఉన్నాడు.

ఆ దిండులోని దూది ఇప్పుడు చాలా ఊళ్లకు చేరింది. చిటికెడు పాత దూదికి కొత్త దూది కలిపి, ఆముదం పోసి కొన్నాళ్లు మాగనిస్తే అదీ పిలుస్తుంది. దానికి తోడు అడిగి పట్టుకుపోతారు, ఒక ఊరివాళ్లు ఇంకో ఊరి నుంచి. కేంద్రం ఇచ్చే పొట్లం మీద ఒక నంబరు ఉంటుంది. అత్త పేరు వేయమని దీవెన అడిగింది. నిబంధనలు ఒప్పుకోవన్నారు. ఆమె మళ్లీ అడుగుతూనే ఉంది.

అందాకా మీకొక మనవి. ఏ పొగాకు మడి గట్టునో, మిరప చేను గట్టునో ఆముదపు చెట్టుకు వేలాడే జిడ్డుగుడ్డ మూట కనిపిస్తే, దిష్టికి కట్టారనుకుని దాటిపోకండి. ఒక మనిషి యాభై ఏళ్లు తల ఆనించి పడుకున్న దూది అందులో ఉంది. ఆమె పేరు సలోమి. ముఠా మేస్త్రి. కుర్చీలో కూర్చోవడమంటే ఇష్టం. అక్కడ ఒక్క నిమిషం నిలబడి ఆమెను తలుచుకోండి.